పది సెంటావోల పన్ను, మూడు ఖాళీ ఖజానాలు: పసిఫిక్ యుద్ధం అసలు కథ

1879 ఫిబ్రవరి 14న దక్షిణ అమెరికా పసిఫిక్ తీరంలోని ఆంటోఫగాస్టా రేవులో ఒక వేలంపాట జరగాలి. పన్ను కట్టని ఒక నైట్రేట్ కంపెనీ ఆస్తులను బొలీవియా ప్రభుత్వం జప్తు చేసి, అమ్మకానికి పెట్టుకున్న ముహూర్తం అది. పాట మొదలయ్యేలోపే చిలీ యుద్ధనౌకలు వచ్చాయి. సుమారు 200 మంది సైనికులు దిగారు. ఎదురు నిలిచేవాళ్లు లేకపోవడంతో ఊరు వాళ్ల చేతికి వెళ్లిపోయింది. పేరుకు అది బొలీవియా ఊరే గానీ అక్కడి జనంలో ముప్పాతిక వంతు చిలీ వాళ్లే. అడ్డుకునేవాళ్లకన్నా జెండాలు ఊపేవాళ్లే ఎక్కువ.

కంపెనీ కట్టనన్న పన్ను ఎంతయ్యా అంటే, క్వింటాలుకు పది సెంటావోలు, మన పైసల్లాంటి చిల్లర. అది మన వంద కిలోల క్వింటా కూడా కాదు, దాదాపు 46 కిలోల పాత స్పానిష్ క్వింటా. ఆ గొడవ చిలీ ఒకవైపు, బొలీవియా, పెరూ మరోవైపు నిలిచిన అయిదేళ్ల పసిఫిక్ యుద్ధంగా మారింది. బొలీవియాకు సముద్రం లేకుండా పోయింది, పెరూ రాజధాని దాదాపు మూడేళ్లు పరాయి సైన్యం కింద ఉంది, చిలీ మ్యాపు ఉత్తరానికి వందల కిలోమీటర్లు సాగింది. ఇంత నష్టానికి పది సెంటావోలే కారణమని చెప్పడం తేలిక, స్కూలు పుస్తకాలకు సరిపోతుంది. కానీ పన్ను ఒక సాకు మాత్రమే. దివాలా అంచున ఉన్న మూడు ప్రభుత్వాలు ఒకే ఎడారి మీద ఆశ పెట్టుకోవడమే అసలు సంగతి.

ఎవరికీ అక్కర్లేని నేల

స్పెయిన్ పాలన పోయి కొత్త దేశాలు పుట్టినప్పుడు సరిహద్దులకు ఒక సూత్రం పెట్టుకున్నారు. 1810 నాటికి స్పానిష్ పరిపాలనా విభాగాల హద్దులు ఎక్కడున్నాయో, దేశాల హద్దులూ అక్కడే. వినడానికి బాగానే ఉంది. కానీ అటకామా ఎడారిలో హద్దు తేల్చాల్సిన అవసరం స్పెయిన్ వాళ్లకు ఎప్పుడూ రాలేదు. కొన్నిచోట్ల ఏళ్ల తరబడి చినుకు పడని నేల అది. బంజరుకు సర్వే చేయించమని ఎవరూ అడగరు. పక్కనుంచి హైవే పడుతోందని తెలియగానే తాతల నాటి కాగితాలన్నీ పెట్టెల్లోంచి బయటికొస్తాయి. అటకామాలోనూ అదే జరిగింది.

మొదట వచ్చింది గ్వానో. పెరూ తీరంలోని చించా దీవుల మీద సముద్రపక్షుల రెట్ట తరతరాలుగా గుట్టలు గుట్టలుగా పేరుకుపోయి ఉంది. వానలు లేవు కాబట్టి అందులోని నత్రజని కొట్టుకుపోలేదు. 1840ల నుంచి అది యూరప్ పొలాలకు ఎరువుగా ఓడలెక్కింది. పెరూ ప్రభుత్వం దాదాపుగా ఆ రాబడి మీదే బతకడానికి అలవాటు పడింది. గ్వానో తరిగిపోతున్న వేళకు అందరి కళ్లూ ఎడారిలో నేల కింద ఉండే కలీచే అనే గట్టి పొర మీద పడ్డాయి. అందులో ఉన్నది సోడియం నైట్రేట్. ఇంటర్ కెమిస్ట్రీలో చిలీ సాల్ట్‌పీటర్ అని మనం బట్టీ పట్టింది దీన్నే. మన ఊళ్లలో తెలిసిన సురేకారానికి, అంటే పొటాషియం నైట్రేట్‌కు, ఇది దగ్గరి చుట్టం. పొలానికీ పనికొస్తుంది, పేలుడు పదార్థాలకూ పనికొస్తుంది. యుద్ధానికి ముందు ఈ నిల్వల్లో పెద్ద భాగం పెరూకు చెందిన టారాపాకాలో, కొంత బొలీవియా తీరంలో ఉండేది.

దీన్ని బయటికి తీయడం మామూలు పని కాదు. నేలలోకి సన్నగా గొయ్యి దించి మందుగుండు కూరి పేల్చాలి. లేచిన పెళ్లలను సుత్తులతో పగలగొట్టి, మరల్లో నలగ్గొట్టి, పెద్ద ఇనుప తొట్లలో నీళ్లు పోసి మరిగించాలి. ఆ ద్రావణాన్ని తేర్చి వెడల్పాటి తొట్లలో చల్లారనిస్తే తెల్లటి పలుకులు కడతాయి. వాటిని ఆరబెట్టి, గోతాలకెత్తి, రైల్లో రేవుకు పంపాలి. అక్కడ నీళ్లు లేవు, వంటచెరకు లేదు, గింజ పండదు. బొగ్గు ఓడల మీద రావాలి. రేవు పట్నాల్లో తాగే నీళ్లు కూడా సముద్రపు నీటిని కాచి, ఆవిరి పట్టి తయారుచేసుకున్నవే. అంటే దండిగా పెట్టుబడి ఉన్నవాడికే ఆ ఎడారి అక్కరకొస్తుంది.

బొలీవియా దగ్గర అది లేదు. లా పాజ్ నుంచి తీరానికి రావాలంటే ఆండీస్ కొండలు దాటి కంచరగాడిదల మీద రోజులకు రోజులు నడవాలి. చిలీలోని వల్పరైసో నుంచైతే హాయిగా ఓడలో రావచ్చు. అందువల్ల భూమి బొలీవియాది, అందులో పెట్టిన డబ్బు, పనిచేసే చేతులు చాలావరకు చిలీవి. చిక్కంతా ఇక్కడే ఉంది.

1866లో రెండు దేశాలూ ఒక ఒప్పందానికొచ్చాయి. సరిహద్దు 24వ దక్షిణ అక్షాంశం. 23కీ 25కీ మధ్య దొరికే గ్వానో, ఖనిజాల పన్ను రాబడి చెరిసగం. విచిత్రమేమిటంటే, ఆ రోజుల్లోనే చిలీ, పెరూ, బొలీవియా ఒకే పక్షాన నిలబడి స్పెయిన్ నౌకాదళంతో పోరాడాయి. స్నేహం అంత గట్టిగా ఉన్నప్పుడు కూడా చెరిసగం లెక్క మాత్రం తెమల్లేదు. 1874లో దాన్ని మార్చి కొత్త ఒప్పందం రాసుకున్నారు. చిలీ తన వాటా వదులుకుంది. బదులుగా చిలీ మనుషులు, పెట్టుబడులు, పరిశ్రమల మీద ఉన్న పన్నులను 25 ఏళ్ల పాటు పెంచనని బొలీవియా మాటిచ్చింది. ఆ మాట నాలుగేళ్లు నిలిచింది.

ఖజానాల సంగతి

పెరూ గ్వానోను చూపించి యూరప్‌లో అప్పు మీద అప్పు చేసింది, ఆ డబ్బుతో రైళ్లు వేసింది. గ్వానో పలచబడేసరికి 1876లో వాయిదాలు కట్టలేక చేతులెత్తేసింది. అంతకుముందే, 1875లో, టారాపాకాలోని నైట్రేట్ ఫ్యాక్టరీలను ప్రభుత్వపరం చేసుకునే చట్టం తెచ్చింది. యజమానులకు డబ్బుకు బదులు సర్టిఫికెట్లు చేతిలో పెట్టింది. ఈ సర్టిఫికెట్లను గుర్తుపెట్టుకోండి, యుద్ధం తర్వాత వీటితో పని ఉంది. నైట్రేట్ మీద గుత్తాధిపత్యం సాధించి ధర నిలబెట్టాలని పెరూ ఆశ. పక్కనే ఆంటోఫగాస్టాలో పన్ను లేకుండా తయారయ్యే సరుకు ఆ ఆశకు గండి కొడుతోంది.

చిలీ పరిస్థితీ అంతంతమాత్రమే. 1870లలో ప్రపంచమంతా మాంద్యం. రాగి ధర, గోధుమ ధర పడిపోయాయి. 1878లో నోట్లకు బదులు బంగారం, వెండి ఇవ్వలేమని బ్యాంకులు ఆగిపోయే స్థితి వచ్చి, ప్రభుత్వం చట్టం చేసి వాటిని ఆదుకోవాల్సి వచ్చింది.

ఇక బొలీవియాది గోరుచుట్టుపై రోకటిపోటు. 1877 మేలో పెద్ద భూకంపం, దాని వెనకే సునామీ తీరాన్ని ఊడ్చేశాయి. ఆపైన కరువు, ఆకలి చావులు. అధికారంలో ఉన్నది 1876లో సైనిక తిరుగుబాటుతో గద్దెనెక్కిన హిలారియోన్ దాసా. ఆయనకు డబ్బు కావాలి, కనబడుతున్న డబ్బల్లా ఆంటోఫగాస్టా కంపెనీదే. 1878 ఫిబ్రవరిలో బొలీవియా కాంగ్రెస్ ఆ కంపెనీతో 1873లో కుదిరిన ఒప్పందాన్ని ఆమోదిస్తూ ఒక షరతు పెట్టింది: ఎగుమతి చేసే ప్రతి క్వింటాలుకూ పది సెంటావోలు కట్టాలి.

తప్పెవరిది? 1874 ఒప్పందం చూపించి ఇది మాట తప్పడమే అంది చిలీ. కంపెనీ ఒప్పందాన్ని మా కాంగ్రెస్ ఇంతవరకూ ఆమోదించనేలేదు, ఆమోదించేటప్పుడు షరతు పెట్టే హక్కు మాకుంది, ఇది ఒక ప్రైవేటు కంపెనీతో వ్యవహారమే తప్ప దేశాల మధ్య తగాదా కాదు అంది బొలీవియా. కాగితం మీద చిలీ వాదనే బలంగా ఉందని నాకనిపిస్తుంది. కానీ అదే కాగితాల్లో, తగాదా వస్తే మధ్యవర్తికి నివేదించాలన్న అంగీకారం కూడా ఉంది. బొలీవియా ముందు పన్ను ఆపకుండా, చిలీ సైన్యం దింపేముందు మధ్యవర్తి దాకా వెళ్లకుండా ఇద్దరూ దాన్ని పక్కనపెట్టారు. 1879 ఫిబ్రవరి 1న దాసా ప్రభుత్వం ఏకంగా కంపెనీ ఒప్పందాన్నే రద్దు చేసి, ఇక పన్నూ లేదు, తగాదా లేదు అని చేతులు దులిపేసుకుంది. వేలం మాత్రం ఆపలేదు. చిలీ కూడా ఊరిని పట్టుకుని ఊరుకోలేదు. ఒప్పందం చచ్చిపోయింది కాబట్టి 1866కు ముందు మాకున్న హక్కు మళ్లీ బతికిందంటూ 23వ అక్షాంశం దాకా నేల తనదే అంది. అక్కడితో ఇది పన్ను తగాదా కాకుండా పోయింది.

ఇంగ్లిష్ పెట్టుబడిదారులే ఈ యుద్ధం చేయించారని ఒక వాదన అప్పట్నుంచీ ఉంది. అమెరికా విదేశాంగ మంత్రిగా చేసిన జేమ్స్ బ్లెయిన్ అయితే, ఇది చిలీని పనిముట్టుగా వాడుకుని ఇంగ్లండ్ పెరూ మీద చేసిన యుద్ధమని బాహాటంగానే అన్నాడు. వినడానికి రంజుగా ఉంటుంది గానీ లెక్క సరిపోదు. ఆంటోఫగాస్టా కంపెనీలో లండన్‌కు చెందిన గిబ్స్ సంస్థకు వాటా ఉన్నమాట నిజమే. అదే గిబ్స్ పెరూ నైట్రేట్ వ్యాపారంలోనూ ఉంది. పెరూ అప్పులిచ్చినవాళ్లలో బ్రిటిష్ వాళ్లు కోకొల్లలు. వాళ్లకు యుద్ధం లాభమా నష్టమా ముందే తేల్చి చెప్పగలిగిన వాడెవడూ లేడు. కంపెనీలో వాటాలున్న చిలీ రాజకీయ నాయకుల ఒత్తిడిని మాత్రం తక్కువగా చూడకూడదు. యుద్ధం వద్దనుకున్న అధ్యక్షుడు అనీబాల్ పింటోను తోసినవాళ్లలో వాళ్లూ ఉన్నారు, పత్రికలూ ఉన్నాయి, వీధుల్లో ఊరేగిన జనమూ ఉన్నారు.

పెరూ ఎందుకు ఇరుక్కుంది? 1873లో బొలీవియాతో ఒక రహస్య రక్షణ ఒప్పందం చేసుకుంది, అందుకు. అర్జెంటీనానూ కలుపుకోవాలని చూశారు గానీ అక్కడి సెనేట్ తేల్చలేదు. ఆంటోఫగాస్టా పోయాక పెరూ తన దూత లవాయేను సంధి మాట్లాడమని చిలీకి పంపింది. రహస్య ఒప్పందం జేబులో పెట్టుకుని మధ్యవర్తిత్వం చేయడం ఎలాగుంటుందో ఊహించుకోవచ్చు. తటస్థంగా ఉంటానని ప్రకటించమంది చిలీ. ప్రకటిస్తే బొలీవియాకిచ్చిన మాట పోతుంది, ప్రకటించకపోతే యుద్ధం. ముందు నుయ్యి, వెనుక గొయ్యి. 1879 ఏప్రిల్ 5న చిలీ రెండు దేశాల మీదా యుద్ధం ప్రకటించింది.

ఒక్క ఓడ ఆపిన యుద్ధం

ఎడారిలో రోడ్లు లేవు, నీళ్లు లేవు. సైన్యాన్ని, తిండిని, నీళ్లను సముద్రం మీదే తరలించాలి. కాబట్టి సముద్రం ఎవరిదైతే యుద్ధం వాళ్లది. బొలీవియాకు నౌకాదళమే లేదు. ఇనుప కవచం తొడిగిన పెద్ద నౌకలు చిలీకి రెండు, కొక్రేన్, బ్లాంకో ఎన్‌కలాడా. పెరూకూ చెప్పుకోదగ్గవి రెండే, హువాస్కర్, ఇండిపెండెన్సియా.

1879 మే 21న పెరూకు చెందిన ఇకీకే రేవు దగ్గర చిలీ కాపలా పెట్టిన పాత చెక్క ఓడ ఎస్మెరాల్డా మీదికి హువాస్కర్ వచ్చింది. చిలీ కెప్టెన్ ఆర్తురో ప్రాట్ లాయరు కూడా, వయసు 31. హువాస్కర్ తన ముక్కుతో ఎస్మెరాల్డాను పొడిచినప్పుడు ప్రాట్ కత్తి పట్టుకుని శత్రువు ఓడ మీదికి దూకాడు. డెక్ మీదే చనిపోయాడు. మూడో పోటుకు ఎస్మెరాల్డా మునిగిపోయింది. హువాస్కర్ కమాండర్ మిగెల్ గ్రౌ నీళ్లలో పడ్డ చిలీ నావికులను పైకి తీయించాడు. తర్వాత ప్రాట్ భార్య కార్మెలా కార్వహాల్‌కు, నీ భర్త వీరుడని ఓదారుస్తూ ఉత్తరం రాసి, ఆయన కత్తినీ వస్తువులనూ భద్రంగా పంపించాడు. ఇప్పటికీ చిలీలో ప్రాట్‌నూ పెరూలో గ్రౌనూ దాదాపు దేవుళ్లలా చూస్తారు; గ్రౌ ఉత్తరం గురించి చెప్పేటప్పుడు చిలీవాళ్ల గొంతులోనూ గౌరవమే వినిపిస్తుంది.

ఆ రోజు పెరూ గెలిచినట్టే కనిపిస్తుంది. నిజానికి నష్టపోయింది పెరూయే. అదే పూట కాస్త దక్షిణంగా, కొవడోంగా అనే చిన్న చిలీ ఓడను తరుముతూ పోయిన ఇండిపెండెన్సియా రాళ్లకు తగిలి పనికిరాకుండా పోయింది. చెక్క ఓడ ఒకటి మునిగితే చిలీకి పోయేదేం లేదు; పెరూ కవచనౌకల్లో సగం పోయింది. అక్కణ్నుంచి నాలుగు నెలలకు పైగా గ్రౌ ఒక్క హువాస్కర్‌తోనే చిలీ రవాణా ఓడలను బెదరగొడుతూ, జూలైలో రిమాక్ అనే ఓడను సైనికులతో సహా పట్టుకుని, చిలీ సైన్యాన్ని దిగనీయకుండా ఆపాడు. అక్టోబర్ 8న అంగామోస్ దగ్గర చిలీ కవచనౌకలు రెండూ కమ్ముకున్నాయి. గ్రౌ చనిపోయాడు, ఓడ దొరికిపోయింది. దాన్ని చిలీ వాళ్లు ఈనాటికీ టాల్కవానో రేవులో మ్యూజియంగా కాపాడుతున్నారు.

ఆపైన జరిగింది త్వరగానే చెప్పుకోవచ్చు. నవంబర్‌లో పిసాగువా దగ్గర చిలీ సైన్యం దిగింది. సాయానికి బయల్దేరిన దాసా దారిలో కమరోన్స్ లోయ నుంచే వెనక్కి తిరిగాడు. నెల చివర టారాపాకా దగ్గర పెరూ సైన్యం ఒక పోరు గెలిచింది గానీ ఆ ప్రాంతాన్ని నిలుపుకోలేకపోయింది. నైట్రేట్ భూములు చిలీవైపోయాయి. డిసెంబర్‌లో బొలీవియాలో దాసా పదవి ఊడింది. పెరూ అధ్యక్షుడు ప్రాడో ఆయుధాలు కొంటానంటూ దేశం విడిచి వెళ్లిపోతే, పియెరోలా గద్దెనెక్కాడు. 1880 మేలో టాక్నా దగ్గర రెండు దేశాల సైన్యం ఓడింది. బొలీవియా కొండలెక్కి వెళ్లిపోయి మళ్లీ యుద్ధంలోకి రాలేదు. ఎవరి పన్ను కోసం మొదలైందో ఆ దేశం పక్కకు తప్పుకున్నాక మూడేళ్లకు పైగా పెరూ ఒంటరిగా దెబ్బలు తింది.

1881 జనవరిలో చోర్రియోస్, మిరాఫ్లోరెస్ పోరాటాల తర్వాత చిలీ సైన్యం లిమాలోకి వచ్చింది. జాతీయ గ్రంథాలయం పుస్తకాలు చిలీకి తరలిపోయాయి. వాటిలో 3,788 పుస్తకాలు 2007లో తిరిగొచ్చాయి. ఈ యుద్ధంలో ఎక్కువగా చెప్పుకోని చీలిక మరొకటి ఉంది. పెరూ చెరుకు తోటల్లో దాదాపు బానిసల్లా పనిచేసిన చైనా కూలీలు కొందరు చిలీ సైన్యానికి సాయపడ్డారు. లిమా పడిపోయే వేళ అల్లరి మూకలు చైనీయుల దుకాణాల మీద పడి దోచుకున్నాయి. దేశభక్తి పేరిట నడిచిన కథలో ఈ పేజీ ఇరుపక్షాలకూ ఇబ్బందే. కొండ ప్రాంతాల్లో మాత్రం పెరూ సేనాని ఆండ్రెస్ కాసెరెస్ స్థానిక రైతులను కూడగట్టుకుని 1883 జూలైలో వామాచుకో ఓటమి దాకా పోరాడాడు.

గెలిచినవాడికి ఏం దక్కింది

1883 అక్టోబర్ నాటి అంకోన్ ఒప్పందంతో టారాపాకా శాశ్వతంగా చిలీది అయింది. పెరూకే చెందిన టాక్నా, అరికా పదేళ్లు చిలీ చేతిలో ఉంటాయి, తర్వాత జనాభిప్రాయం అడగాలి. ఆ ఓటింగు ఎన్నడూ జరగలేదు. బొలీవియాతో 1884లో కుదిరింది కాల్పుల విరమణ మాత్రమే. అసలు శాంతి ఒప్పందానికి 1904 దాకా ఆగాల్సి వచ్చింది. అందులో బొలీవియా తీరాన్నంతా రాసిచ్చేసింది. బదులుగా చిలీ రేవుల ద్వారా సరుకు రవాణాకు శాశ్వత స్వేచ్ఛ, అరికా నుంచి లా పాజ్‌కు చిలీ ఖర్చుతో రైలు దక్కాయి. ఆ రైలు 1913లో నడిచింది.

చిలీకి నైట్రేట్ కామధేనువే. ఎగుమతి పన్ను మీదే ప్రభుత్వ రాబడిలో దాదాపు సగం వచ్చే రోజులొచ్చాయి. కానీ గనుల యాజమాన్యం? ఇందాకటి సర్టిఫికెట్లు ఇక్కడొస్తాయి. యుద్ధంలో పెరూ ఓడిపోతుంటే ఆ కాగితాలు కారుచౌకకు పడిపోయాయి. జాన్ థామస్ నార్త్ అనే ఇంగ్లిష్ మెకానిక్ వాటిని పోగేశాడు, అదీ ఒక చిలీ బ్యాంకు ఇచ్చిన అప్పుతో. 1881లో చిలీ ప్రభుత్వం ఎవరి దగ్గర సర్టిఫికెట్ ఉంటే ఫ్యాక్టరీ వాళ్లదేనని తేల్చింది. నార్త్ లండన్‌లో నైట్రేట్ రాజుగా పేరు తెచ్చుకున్నాడు. యుద్ధాన్ని ఇంగ్లిష్ వాళ్లు చేయించలేదు అన్నాను. లాభం మాత్రం బాగా గుంజుకున్నారు.

డబ్బు ఎవరి చేతిలో ఉండాలన్న గొడవ చిలీలోకే తిరిగొచ్చింది. 1891లో అధ్యక్షుడు బాల్మసేడాకూ కాంగ్రెస్‌కూ మధ్య అంతర్యుద్ధం వచ్చినప్పుడు, నౌకాదళం అండతో కాంగ్రెస్ పక్షం ముందు ఇకీకేనూ నైట్రేట్ రాబడినీ చేజిక్కించుకుంది. బాల్మసేడా ఓడి, ఆత్మహత్య చేసుకున్నాడు. గనుల్లో కూలీలకు నగదు బదులు కంపెనీ కొట్లోనే చెల్లే బిళ్లలిచ్చేవారు. 1907 డిసెంబర్ 21న, సమ్మె చేసి ఇకీకేలోని శాంటా మరియా స్కూల్లో చేరిన కార్మికుల మీద సైన్యం కాల్పులు జరిపింది. కూలీల్లో చిలీ, పెరూ, బొలీవియా వాళ్లందరూ ఉన్నారు. ఆ తర్వాత కొన్నేళ్లకే జర్మనీలో గాలిలోని నత్రజనితో అమోనియా తయారుచేసే హేబర్-బాష్ పద్ధతి ఫ్యాక్టరీకెక్కింది. 1913లో మొదలైన ఆ ఉత్పత్తి మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక చిలీ నైట్రేట్ మార్కెట్‌ను దెబ్బతీసింది. అంత రక్తం కార్చి తెచ్చుకున్న సరుకు నలభై ఏళ్లకల్లా ఒక రసాయన చర్యకు ఓడిపోయింది. అయితే ఆ నేల విలువ పోలేదు. కలామా పక్కన చుకికమాటా రాగి గని, అటకామా ఉప్పు మైదానంలోని లిథియం అప్పటి బొలీవియా తీర రాష్ట్రం పరిధిలోనే ఉన్నాయి.

పెరూ అప్పులు తీర్చలేక 1890కల్లా తన రైళ్లను 66 ఏళ్ల పాటు అప్పులిచ్చినవాళ్ల కంపెనీకి అప్పగించింది.

బొలీవియా ఏటా మార్చి 23న సముద్ర దినం జరుపుకుంటుంది. 1879లో ఆ రోజున కలామా దగ్గర లొంగిపొమ్మంటే, లొంగాల్సింది మీ అమ్మమ్మ అని తిట్టి చనిపోయిన ఎడ్వార్డో అబరోవా గుర్తుగా. దేశానికి నౌకాదళం కూడా ఉంది, టిటికాకా సరస్సులోనూ నదుల్లోనూ. కోపమంతా చిలీ మీదే. కానీ తలుపుకున్న రెండో తాళం మీద చూపు తక్కువ. 1929లో చిలీ, పెరూ కలిసి టాక్నా పెరూకు, అరికా చిలీకి అని పంచుకున్నప్పుడు ఒక అనుబంధం రాసుకున్నాయి: ఆ భూముల్లో ఏ ముక్కనైనా మూడో దేశానికివ్వాలంటే రెండో పక్షం ఒప్పుకోవాలి. 1975లో చిలీ పాలకుడు పినోచెట్, బొలీవియా పాలకుడు బాన్సేర్ చరాన్యాలో కలిసి, అరికాకు ఉత్తరంగా ఒక సన్నటి దారి ఇచ్చే మాట నడిపారు. 1976లో పెరూ అందుకు బదులుగా మూడు దేశాల ఉమ్మడి ప్రాంతం అనే మెలిక పెట్టింది, చిలీ వద్దంది, అంతా మూలన పడింది. 1978లో బొలీవియా సంబంధాలు తెంచుకుంది.

2013లో బొలీవియా హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానానికెళ్లింది. సముద్ర మార్గం గురించి చర్చలు జరపాల్సిన చట్టపరమైన బాధ్యత చిలీకి లేదని 2018 అక్టోబర్ 1న 12-3 తేడాతో తీర్పొచ్చింది. మాట్లాడుకోవడానికి మాత్రం ఈ తీర్పు అడ్డు కాదంది కోర్టు. మాట్లాడుకున్నా మ్యాపు మారదు కదా. అరికా పక్కన దారి ఇవ్వాలంటే పెరూ సంతకం కావాలి. దానికి దక్షిణాన ఎక్కడిచ్చినా చిలీ రెండు ముక్కలవుతుంది, దానికి ఏ చిలీ ప్రభుత్వమూ ఒప్పుకోదు.